సూర్యుడి మచ్చల్లో కరువును వెతికిన రోజులు, ఇప్పటి వేడి లెక్క

1876లో నైరుతి రుతుపవనాలు దక్షిణాదికి మొహం చాటేశాయి. మరుసటి ఏడాది కూడా వానలు సకాలంలో పడలేదు. బళ్లారి, కర్నూలు, కడప జిల్లాల్లో చెరువులు నెర్రెలిచ్చాయి. పంచాంగం ప్రకారం అది ధాత నామ సంవత్సరం కాబట్టి రాయలసీమలో దానికి ధాత కరువు అనే పేరు నిలిచిపోయింది. 1878 దాకా సాగిన ఆ కరువులో అర కోటికి పైగా జనం చనిపోయి ఉంటారని అంచనా.

ఆకలి చావులు ఇంకా ఆగకముందే, 1877లో, ఆ కరువుకు కారణం సూర్యుడిలో ఉందన్న వాదన వచ్చింది. బ్రిటిష్ ఇండియా ప్రభుత్వంలో గణాంకాల విభాగం చూసే విలియం విల్సన్ హంటర్ మద్రాసు నగరంలో 1813 నుంచి రాసి పెట్టిన వానల లెక్కలు బయటికి తీశారు. వాటి పక్కన సూర్యుడి మీద కనిపించే మచ్చల లెక్క పెట్టి చూశారు. మచ్చలు బాగా తగ్గిపోయిన ఏళ్లలో మద్రాసులో వాన కూడా తగ్గుతున్నట్టు ఆయనకు కనిపించింది. ఖగోళ శాస్త్రవేత్త నార్మన్ లాకియర్‌తో కలిసి అదే ఏడాది ఇంగ్లండ్‌లో ఒక వ్యాసం కూడా రాశారు.

లాకియర్ పేరుకు తెలుగు నేలతో చిన్న సంబంధం ఉంది. 1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణం మన కోస్తా మీదుగా వెళ్లింది. ఫ్రాన్స్ నుంచి వచ్చిన పియర్ జాన్సెన్ గుంటూరులో మకాం వేసి దాన్ని పరిశీలించారు. సూర్యుడి అంచున లేచే జ్వాలల వెలుగును విడగొట్టి చూస్తే, గ్రహణం లేని రోజున కూడా వాటిని గమనించవచ్చని ఆయనకు అక్కడే అర్థమైంది. రెండు నెలలకు ఇంగ్లండ్‌లో లాకియర్ కూడా సొంతంగా అదే పద్ధతి కనిపెట్టారు. ఆ వెలుగులో కనిపించిన పసుపు గీత వెంట పోతే హీలియం అనే కొత్త మూలకం బయటపడింది. అంతటి విజయం చూసిన మనిషికి సూర్యుణ్ని చదివితే భూమి మీది వాన కూడా తెలుస్తుందని అనిపించడంలో వింత లేదు.

పైగా ఆధారాలు కూడా ఊరించేలా ఉన్నాయి. గుంటూరు ప్రాంతాన్ని ఊడ్చేసిన డొక్కల కరువు 1832-33లో వచ్చింది. 1833లో సూర్యుడి మచ్చలు కనిష్ఠానికి చేరాయి. ఒడిశాను, గంజాం జిల్లాను కుదిపేసిన కరువు 1866లో వచ్చింది. కనిష్ఠం 1867. ధాత కరువు 1876 నుంచి 1878 వరకు, కనిష్ఠం 1878. మూడుసార్లు ఇలా జోడీ కుదిరితే ఎవరికైనా నమ్మబుద్ధి వేస్తుంది.

ఆ నమ్మకంలో ఒక ప్రమాదం ఉంది, దాన్ని దాటవేసి ముందుకు పోకూడదు. వాన పడకపోవడం ప్రకృతి పని. తిండిగింజలు ఉండి కూడా జనానికి అందకపోవడం పాలన పని. ధాత కరువు ఏళ్లలోనూ దేశం నుంచి ధాన్యం ఎగుమతి అవుతూనే ఉంది. కారణమంతా సూర్యుడి మీదకు నెట్టేస్తే ఆ రెండో సంగతి మరుగున పడిపోతుంది. ఇప్పుడు భూమి వేడెక్కడానికి సూర్యుడి మార్పులే కారణమనే వాదనల్లో కూడా సరిగ్గా ఇదే జరుగుతోంది. అందుకే ఆ మచ్చలు ఏమిటో, వాటి బలం ఎంతో లెక్క కట్టి చూడాలి.

సూర్యుడి పైపొర వేడి సుమారు 5,500 డిగ్రీల సెల్సియస్. లోపలి వేడి మరుగుతున్న ఎసరులా నిరంతరం పైకి పొంగుతూ ఉంటుంది. కొన్ని చోట్ల అయస్కాంత బలం విపరీతంగా పెరిగి ఆ పొంగును అడ్డుకుంటుంది. అక్కడ వేడి సుమారు 4,000 డిగ్రీలకు, ఒక్కోసారి అంతకన్నా కిందికి పడిపోతుంది. చుట్టుపక్కల ధగధగల మధ్య ఆ చోటు మనకు నల్లటి మచ్చలా కనిపిస్తుంది. పెద్ద మచ్చ అయితే అందులో మన భూములు కొన్ని పట్టేస్తాయి.

ఈ మచ్చలు ఒక వరసలో పెరిగి తగ్గుతాయని మొదట పట్టుకున్నది పెద్ద శాస్త్రవేత్త కాదు. జర్మనీలోని డెస్సౌ పట్టణంలో మందుల వ్యాపారం చేసుకునే హైన్రిష్ ష్వాబె. బుధుడికన్నా సూర్యుడికి దగ్గరగా ఇంకో గ్రహం ఉందేమోనని, అది సూర్యబింబం మీదుగా వెళ్లేటప్పుడు పట్టుకుందామని 1826 నుంచి మబ్బు లేని ప్రతిరోజూ సూర్యుణ్ని చూస్తూ మచ్చలు నమోదు చేశారు. గ్రహం దొరకలేదు. పదిహేడేళ్ల పుస్తకాలు తిరగేస్తే మచ్చలు సుమారు పదేళ్లకోసారి పెరిగి తగ్గుతున్నట్టు తేలింది. 1843లో ఆ సంగతి ప్రకటించారు. తర్వాత పాత రికార్డులన్నీ కలిపి చూసినప్పుడు ఆ చక్రం సగటున 11 ఏళ్లని స్థిరపడింది.

మచ్చ నల్లగా ఉంటుంది కాబట్టి మచ్చలు పెరిగితే సూర్యుడి వెలుగు తగ్గాలి కదా అని అనిపిస్తుంది. జరిగేది దానికి తలకిందులు. మచ్చలు ఎక్కువున్న కాలంలో వాటి చుట్టూ, ఇంకా విడివిడిగా బింబమంతటా, మామూలు కంటే ఎక్కువగా మెరిసే ప్రాంతాలు ఏర్పడతాయి. మచ్చల వల్ల పోయిన వెలుగు కంటే ఈ మెరిసే చోట్ల వచ్చే వెలుగే కాస్త ఎక్కువ. కాబట్టి మచ్చలు నిండుగా ఉన్నప్పుడే సూర్యుడు ఒక పిసరు ఎక్కువ వేడి పంపుతాడు. గాలి, దుమ్ము, మబ్బు అడ్డులేని చోట నుంచి కొలిస్తే తప్ప ఇంత సన్నని తేడా తెలియదు. ఉపగ్రహాలు 1978 చివరి నుంచి ఈ కొలతను ఎడతెగకుండా అందిస్తున్నాయి.

ఇప్పుడు లెక్క చూద్దాం. భూమి వాతావరణం పైన, సూర్యుడికి ఎదురుగా ఒక చదరపు మీటరు పలక పెడితే దాని మీద సుమారు 1,361 వాట్ల శక్తి పడుతుంది. మచ్చల గరిష్ఠానికీ కనిష్ఠానికీ మధ్య ఇందులో వచ్చే తేడా దాదాపు 1 వాట్, అంటే 0.1 శాతం కూడా నిండదు. భూమి పలక కాదు, గోళం. ఒక పక్క రాత్రి, ధ్రువాల దగ్గర ఏటవాలు ఎండ. అన్నీ కలుపుకుంటే ఆ ఒక్క వాట్ నాలుగో వంతుకు దిగుతుంది. అందులో మబ్బులు, మంచు తిప్పికొట్టే 30 శాతం తీసేస్తే చదరపు మీటరుకు మిగిలేది 0.17 వాట్ల దగ్గర ఉంటుంది. ఉపగ్రహ కొలతలు, ఉష్ణోగ్రత రికార్డులు కలిపి చూస్తే దీని ప్రభావం భూమి సగటు ఉష్ణోగ్రత మీద సుమారు 0.1 డిగ్రీ.

దీన్ని వేరే తేడాలతో పోల్చి చూడాలి. భూమి జనవరి మొదటి వారంలో సూర్యుడికి బాగా దగ్గరగా, జులై మొదటి వారంలో బాగా దూరంగా ఉంటుంది. ఈ దూరం తేడా వల్లే భూమికి అందే ఎండ దాదాపు 7 శాతం మారుతుంది. రోహిణి కార్తెలో రోళ్లు పగిలే ఎండలు కాసే రోజుల్లో భూమి నిజానికి సూర్యుడికి దూరం జరుగుతూ ఉంటుంది. మన ఎండలను నడిపేది భూమి అక్షం వాలు, సముద్రం, నేల, గాలి, మబ్బు. వీటి ముందు మచ్చల చక్రం చాలా చిన్నది. చిన్నదే కానీ సున్నా కాదు.

హంటర్ వాదన ఏమైందో తిరిగి చూద్దాం. 1904లో గిల్బర్ట్ వాకర్ అనే కేంబ్రిడ్జి గణితవేత్త భారత వాతావరణ శాఖ అధిపతిగా వచ్చారు. వాతావరణ శాస్త్రం ఆయన చదువు కాదు. అదే మేలైంది. ఏ సిద్ధాంతాన్నీ ముందుగా నమ్మకుండా లెక్క ఏం చెబితే అది వినే మనిషి. ప్రపంచంలో ఎన్నో కేంద్రాల నుంచి వాన, వేడి, గాలి ఒత్తిడి లెక్కలు తెప్పించి మచ్చలతో పోల్చారు. 1915లో వచ్చిన ఆ ఫలితాల్లో సంబంధం ఎంత పలచగా ఉందంటే, దాన్ని పట్టుకుని రుతుపవనాల అంచనా చెప్పడం కుదరదు. ఆయన అక్కడితో ఆగలేదు. అవే లెక్కల్లో పసిఫిక్ మహాసముద్రం మీద గాలి ఒత్తిడి పెరిగినప్పుడు హిందూ మహాసముద్రం మీద తగ్గడం, ఇది పెరిగినప్పుడు అది తగ్గడం గమనించారు. తక్కెడలో రెండు పళ్లేల్లాంటి ఈ ఊగిసలాటకు 1924లో సదరన్ ఆసిలేషన్ అని పేరు పెట్టారు. పసిఫిక్ నీరు మామూలు కంటే వేడెక్కే ఎల్ నినోతో ఇది ముడిపడిన సంగతి 1960ల చివర తేలింది.

ధాత కరువు ముడి విడింది ఇక్కడే. 1877-78లో పసిఫిక్‌లో వచ్చిన ఎల్ నినో ఇప్పటివరకు తెలిసిన అతి బలమైనవాటిలో ఒకటి. అదే కాలంలో ఉత్తర చైనాలో, బ్రెజిల్ ఈశాన్యంలో కూడా ఘోరమైన కరువులు పడ్డాయి. ఆ ఏళ్లలో సూర్యుడి మచ్చలు తక్కువగా ఉండటం నిజమే. కానీ వానను ఆపింది సముద్రం.

తర్వాతి రికార్డు చూస్తే మచ్చలకు, కరువుకు కుదిరిందనుకున్న జోడీ ఎలా చెదిరిపోయిందో తెలుస్తుంది. 1918లో దేశమంతా కరువు, మచ్చలు గరిష్ఠం దాటి ఏడాదే అయింది. 2002లో రుతుపవన వర్షం 19 శాతం తగ్గింది, అప్పుడు సూర్యుడు గరిష్ఠం దగ్గర ఉన్నాడు. 2009లో 22 శాతం తగ్గింది, అప్పుడు కనిష్ఠం. ఈ మూడు ఏళ్లలోనూ పసిఫిక్‌లో ఎల్ నినో ఉంది. మూడు కరువులు మూడు కనిష్ఠాలతో కలిసిన చోట ఆగిపోతే ఒక సిద్ధాంతం పుడుతుంది. మరో వందేళ్ల లెక్క చేర్చితే అది నిలబడదు.

అయితే ఆ తప్పు ఆశ వల్ల దేశానికి ఒక మంచి ఆస్తి దక్కింది. సూర్యుడికీ రుతుపవనాలకూ ఉన్న సంబంధం తేల్చాలన్న పట్టుదల కూడా ఒక కారణమై, పాత మద్రాసు వేధశాల పనిని కొనసాగిస్తూ 1899లో కొడైకెనాల్ కొండ మీద సౌర వేధశాల మొదలైంది. 1904 నుంచి అక్కడ మబ్బు లేని రోజుల్లో సూర్యుడి ఫోటో తీస్తూ వస్తున్నారు. వందేళ్లు దాటిన ఆ ఫోటో పలకలు ఇప్పుడు ప్రపంచవ్యాప్తంగా సౌర పరిశోధకులకు పెన్నిధి.

ఇంత చిన్న మార్పు అయినా వాతావరణంలో దాని జాడ కొన్ని చోట్ల స్పష్టంగా ఉంటుంది. ఎందుకంటే సూర్యుడి మొత్తం వెలుగు 0.1 శాతమే మారినా, అందులోని అతినీలలోహిత కిరణాలు మాత్రం కొన్ని శాతం దాకా, మరీ చిన్న తరంగాల దగ్గర అంతకన్నా చాలా ఎక్కువగా మారతాయి. ఆ కిరణాలు నేల దాకా రావు. పైన స్ట్రాటోస్ఫియర్ అనే గాలి పొరలో ఆక్సిజన్‌ను విడగొట్టి ఓజోన్ తయారు చేస్తాయి. ఆ ఓజోన్ మళ్లీ అతినీలలోహితాన్ని పీల్చుకుని చుట్టూ ఉన్న గాలిని వేడెక్కిస్తుంది. సూర్యుడు గరిష్ఠంలో ఉన్నప్పుడు భూమధ్యరేఖ మీద ఆ ఎత్తులో గాలి ఒక డిగ్రీ దాకా వేడెక్కుతుంది. భూమధ్యరేఖకూ ధ్రువాలకూ మధ్య వేడి తేడా మారితే అక్కడి గాలుల వేగం మారుతుంది. చలికాలంలో ఆ మార్పు మెట్టు మెట్టుగా కిందికి దిగి ఉత్తర అట్లాంటిక్ గాలుల దారిని కొంచెం జరుపుతుంది.

యూరప్‌లో చలి కథలకు మూలం ఇక్కడ ఉంది. 2008లో 266 రోజులు సూర్యుడి మీద ఒక్క మచ్చ కూడా కనిపించలేదు. ఆ లోతైన కనిష్ఠం నుంచి సూర్యుడు తేరుకుంటున్న 2009-10 చలికాలం బ్రిటన్‌కు మూడు దశాబ్దాల్లో అతి చల్లనిది. కానీ ప్రపంచ సగటు చూస్తే 2010 అప్పటికి అతి వేడి సంవత్సరాల వరసలో అగ్రస్థానంలో ఉంది. సూర్యుడు ఒక మూల చలిని పెంచగలడు, వేడి ఎక్కడ పడాలో కాస్త అటూ ఇటూ జరపగలడు. మొత్తం భూమి వేడిని మార్చే శక్తి ఆ చక్రానికి అంతగా లేదు.

మన రుతుపవనాల దగ్గర కూడా ఇలాంటి జాడ ఒకటి దొరికింది, ఒమన్‌లో. అక్కడి హోతి గుహలో నీటి చుక్కలు వేల ఏళ్లు పడీ పడీ నేల నుంచి పైకి పెరిగిన సున్నపు స్తంభం ఉంది. దాన్ని కోస్తే చెట్టు వలయాల్లా పొరలు. ఒక్కో పొరలోని ఆక్సిజన్ రకాలను బట్టి ఆ కాలంలో వాన ఎక్కువో తక్కువో చెప్పవచ్చు. మరోపక్క పాత చెట్ల వలయాల్లో కార్బన్-14 ఎంతుందో చూస్తే సూర్యుడి పరిస్థితి తెలుస్తుంది. సూర్యుడు చురుగ్గా ఉంటే దాని అయస్కాంత క్షేత్రం అంతరిక్షం నుంచి వచ్చి మన గాలిలో కార్బన్-14ను పుట్టించే కాస్మిక్ కిరణాలను అడ్డుకుంటుంది, కార్బన్-14 తక్కువగా తయారవుతుంది. 2001లో ఈ రెండు రికార్డులను పక్కపక్కన పెట్టినప్పుడు, 9,000 నుంచి 6,000 ఏళ్ల కిందటి కాలంలో వాన, సూర్యుడు చాలా దగ్గరగా కలిసి నడిచినట్టు కనిపించింది. హంటర్ ప్రశ్న పూర్తిగా వెర్రిది కాదన్నమాట. పదకొండేళ్ల చక్రం కాదు, శతాబ్దాల పాటు సాగే మార్పులే అలాంటి చోట, రుతుపవనాలు అందీ అందని అంచున, ముద్ర వేశాయి.

శతాబ్దాల మార్పు అనగానే అందరూ చెప్పేది 1645 నుంచి 1715 దాకా మచ్చలు దాదాపు మాయమైపోయిన కాలం. గ్రీనిచ్ వేధశాలలో పనిచేసిన వాల్టర్ మాండర్ పేరు మీద జాన్ ఎడ్డీ 1976లో దానికి మాండర్ మినిమమ్ అని పేరు పెట్టారు. అదే రోజుల్లో లండన్‌లో థేమ్స్ నది గడ్డకట్టింది. 1683-84లో ఆ మంచు మీద దుకాణాలు పెట్టి జాతర నడిపారు. సూర్యుడు మందగిస్తే భూమి గడ్డకడుతుందనడానికి ఈ బొమ్మనే చూపిస్తారు.

కానీ ఆ చల్లని యుగం మచ్చలు మాయం కాకముందే మొదలైంది. 1257లో ఇండోనేసియాలోని సమలాస్ అగ్నిపర్వతం పేలింది. 1600లో పెరూలో హుయానాపుటినా పేలాక రష్యాలో పంటలు పోయి భయంకరమైన కరువు వచ్చింది. 1815లో ఇండోనేసియాలోనే తంబోరా పేలితే మరుసటి ఏడాది యూరప్‌కు, అమెరికా ఈశాన్యానికి వేసవే లేకుండా పోయింది. అగ్నిపర్వతాలు ఎగజిమ్మిన గంధకపు పొర పైన పరుచుకుని ఎండను వెనక్కి కొడుతుంది. చలికి ఎక్కువ వాటా వీటిదే. థేమ్స్ విషయంలో ఇంకో సంగతి ఉంది. పాత లండన్ వంతెన స్తంభాలు ఇరుకుగా ఉండి నీటిని ఆనకట్టలా నిలిపేవి. నిలిచిన నీరు తొందరగా గడ్డకడుతుంది. 1831లో ఆ వంతెనను కూల్చేశాక నగరం మధ్యలో నది మళ్లీ అలా గట్టిపడలేదు. సూర్యుడి వాటా ఉంది, కొన్ని పదో వంతుల డిగ్రీ.

ఇక ఇప్పటి వేడి. 2024లో భూమి సగటు ఉష్ణోగ్రత పారిశ్రామిక యుగానికి ముందున్న స్థాయి కంటే సుమారు 1.5 డిగ్రీలు ఎక్కువ. ఇది సూర్యుడి పనే అయితే సూర్యుడి వెలుగు పెరుగుతూ ఉండాలి. 1957-58లో గరిష్ఠానికి చేరిన చక్రం రికార్డుల్లో అతి బలమైనది. 1980ల తర్వాత 2014 దాకా గరిష్ఠానికి చేరిన చక్రాలు ఒకదానికంటే ఒకటి నీరసించాయి, 2014లో గరిష్ఠానికి చేరినది వందేళ్లలో అతి బలహీనమైన వాటిలో ఒకటి. ఉష్ణోగ్రత మాత్రం ఆ దశాబ్దాల్లోనే పరుగు తీసింది. 1750 నుంచి 2019 వరకు మనుషులు గాలిలోకి వదిలిన కార్బన్ డయాక్సైడ్ వల్ల చదరపు మీటరుకు 2.16 వాట్ల అదనపు వేడి చేరినట్టు ఐక్యరాజ్యసమితి వాతావరణ నిపుణుల సంఘం ఐపీసీసీ లెక్క. అదే కాలంలో సూర్యుడి మార్పు వల్ల చేరింది దాదాపు సున్నా.

ఇంకో ఆనవాలు పైగాలిలో ఉంది. సూర్యుడే ఎక్కువ వేడి పంపుతుంటే కింది గాలి, పై గాలి రెండూ వేడెక్కాలి. కొలతల్లో కింది గాలి వేడెక్కుతోంది, స్ట్రాటోస్ఫియర్ చల్లబడుతోంది. కార్బన్ డయాక్సైడ్ పెరిగితే ఇలాగే ఉండాలని 1967లోనే శాస్త్రవేత్తలు స్యుకురో మనాబె, రిచర్డ్ వెదరాల్డ్ లెక్కగట్టి చెప్పారు. కొంత చల్లదనం ఓజోన్ తరుగుదల వల్ల వచ్చినా, ఓజోన్ ప్రభావం తక్కువగా ఉండే ఎత్తులో కూడా ఆ తగ్గుదల కనిపిస్తోంది. రాత్రుల సంగతీ ఉంది. రాత్రి సూర్యుడు ఉండడు కదా. అయినా భూమి మీద చాలా ప్రాంతాల్లో పగటి ఉష్ణోగ్రత కంటే రాత్రి ఉష్ణోగ్రత ఎక్కువగా పెరిగింది. పగలంతా నేల పట్టుకున్న వేడి తెల్లవారేలోపు పైకి పోకుండా గాలిలోని కార్బన్ డయాక్సైడ్ కంబళిలా అడ్డుపడుతోందని దీని అర్థం. డాబా మీద పక్కేసుకున్నా అర్ధరాత్రి దాటేదాకా ఉక్క వదలని వేసవి ఎలా ఉంటుందో పట్నాల్లో ఉండేవాళ్లకు వేరే చెప్పక్కర్లేదు. అక్కడ కాంక్రీటు వేడి కూడా తోడవుతుంది.

కాస్మిక్ కిరణాలు మబ్బులను పుట్టిస్తాయని, సూర్యుడు వాటిని అడ్డుకుంటే మబ్బు తగ్గి భూమి వేడెక్కుతుందని డెన్మార్క్ శాస్త్రవేత్త హెన్రిక్ స్వెన్స్‌మార్క్ 1997లో ఒక ఆలోచన ముందుకు తెచ్చారు. దాన్ని తేల్చడానికి జెనీవా దగ్గర సెర్న్ అనే పరిశోధన కేంద్రంలో క్లౌడ్ అనే ప్రయోగం 2009 నుంచి నడుస్తోంది. ఈ కిరణాల వల్ల సన్నని కణాలు పుడుతున్నాయి కానీ, అవి మబ్బు చుక్కకు విత్తనమయ్యేంత ఎదగడంలో ఆ కిరణాల తేడా చాలా తక్కువ మార్పే తెస్తోందని అక్కడి ఫలితాలు చెబుతున్నాయి.

ఇప్పుడు నడుస్తున్న 25వ చక్రం 2019 డిసెంబరులో మొదలై 2024 అక్టోబరు ప్రాంతంలో గరిష్ఠానికి చేరింది. ఆ ఏడాది మే 10, 11 తేదీల్లో వచ్చిన సౌర తుఫాను ధాటికి లద్దాఖ్‌లోని హాన్లే ఆకాశం ఎర్రబడింది. 2023 సెప్టెంబరు 2న శ్రీహరికోట నుంచి బయల్దేరిన ఆదిత్య ఎల్1 అప్పటికే 15 లక్షల కిలోమీటర్ల దూరంలో కుదురుకుని సూర్యుణ్ని గమనిస్తోంది. దానిలోని సూట్ అనే టెలిస్కోప్ ఫోటోలు తీసేది అతినీలలోహిత కిరణాల్లోనే, అంటే పైన ఓజోన్‌ను ఆడించే కిరణాల్లో. ఇక సూర్యుడు దిగుడు దారిలో ఉంటాడు. 2030 ప్రాంతంలో మళ్లీ కనిష్ఠం వస్తుంది. అప్పటికి సూర్యుడి వల్ల తగ్గేది 0.1 డిగ్రీ. భూమి ఇప్పుడు పదేళ్లకు 0.2 డిగ్రీలకు పైగా వేడెక్కుతోంది. ఒకవేళ మాండర్ కాలం లాంటి సుదీర్ఘ మందకొడితనం వచ్చినా తగ్గుదల 0.3 డిగ్రీ దాటదని 2010లో జర్మనీ పరిశోధకులు లెక్కగట్టారు. ఇప్పుడున్న వేగంతో ఆ తగ్గుదలను భూమి పదిహేనేళ్లలోపే పూడ్చేసుకుంటుంది.